కతల తాడు

పోయిన నెల ఒక పొద్దున్న టెక్కలి బస్టాండు పక్కనుంచి స్కూలుకి నడుస్తుంటే మా అమ్మ ఫోన్ చేసింది. అప్పటికే ఆలస్యమైపోయింది, చుట్టూ హారన్ల గోల. "ఏటి సేత్తన్నావు, తిన్నావేటి?" అని అడిగి ఆగింది. మాట మధ్యలో ఆగే అలవాటు మా అమ్మకి లేదు. "అది కాదే, మన తాళ్ళ తాత లేడూ..." అంది. నా చెయ్యి దానంతటదే పైకి లేచింది. అరచెయ్యి ముందుకి చాపి, ఇక చాలు అన్నట్టు. అమ్మకి అది కనిపించదు కదా, చెప్పాల్సింది చెప్పేసింది. కనిపించింది ఒక ఆటో అబ్బాయికి. బండి ఆపి, "ఎక్కడికి మేడం?" అన్నాడు.

ఆ చెయ్యి ఎత్తడం నాది కాదు, తాళ్ళ తాతది. ఎప్పుడు అంటుకుందో నాకు తెలీదు. మా క్లాసులో పిల్లలు కూడా ఈ మధ్య నన్ను అనుకరించడానికి అలాగే చెయ్యి ఎత్తుతున్నారు. వాళ్ళకి ఆ ముసలాయన ఎవరో తెలీదు పాపం.

ఊరంతా ఆయన్ని తాళ్ళ తాత అనే పిలిచేది. అసలు పేరు నాకు తెలుసు గానీ రాయను. రాస్తే అది ఇంకెవరి గురించో రాసినట్టుంటుంది. మా ఊరు బారువకి ఇటు పక్క, కొబ్బరి తోటల్లో. అక్కడ కొబ్బరి పీచు నానబెట్టి, నలిపి, తాడు పేనడం ఆయన పని. పీచు నానబెట్టిన గుంట వాసన ఎలా ఉంటుందో తెలిసినవాళ్ళకి చెప్పక్కర్లేదు, తెలియనివాళ్ళు అదృష్టవంతులు. ఆ వాసన ఆయన పంచెకీ, తువ్వాలుకీ, చివరికి దగ్గుకి కూడా పట్టేసింది. అందుకే ఆయన నాకు దక్కాడు.

ఎలాగంటే, నేను ఏడో తరగతిలో ఉండగా మా ఊరి లైబ్రరీకి కొత్త మేష్టారు వచ్చాడు. లైబ్రరీ అంటే రెండు గదుల పెంకుటిల్లు, ముందు అరుగు. పొద్దున్న మగవాళ్ళు వచ్చి పేపర్లు చదివి, దేశం గురించి తిట్టుకుని పోయేవారు. పుస్తకాలు జాలీ తలుపుల బీరువాల్లో ఉండేవి, వాటి జోలికి పోయేవాళ్ళు లేరు. గ్రంథాలయ వారోత్సవాలు వచ్చాయి. అన్ని ఊళ్ళలో వ్యాసరచన పోటీలు పెట్టి సబ్బుపెట్టెలు పంచుతుంటే మా మేష్టారు వేరే పని చేశాడు. చదువొచ్చిన పిల్లల్నీ చదువురాని ముసలివాళ్ళనీ పిలిచి, జతలు కట్టి అరుగు మీద కూర్చోబెట్టాడు. పిల్లలు చదవాలి, పెద్దవాళ్ళు వినాలి. వినేవాళ్ళకి టీ, చదివేవాళ్ళకి మరమరాల ఉండ. వారోత్సవాలు అయిపోయాక కూడా ఎవరూ ఆపమనలేదు కాబట్టి ప్రతి ఆదివారం సాయంత్రం అది సాగిపోయింది. టీ మటుకు ఆగిపోయింది.

మొదటి రోజు నేను ఆలస్యంగా వెళ్ళాను. మంచి ముసలివాళ్ళందరూ అయిపోయారు. అరుగు చివర, కిటికీ ఊచకి తాడు కొస కట్టుకుని, పీచు కట్ట పక్కన పెట్టుకుని ఈయన ఒక్కడే మిగిలాడు. నేను ముక్కు మూసుకోలేదు గానీ మూసుకున్నంత పని చేశాను. ఆయన నన్ను పైనుంచి కిందికి చూసి, "ఈ గుంటకి సదువొచ్చేటి?" అని మేష్టార్ని అడిగాడు. ఇద్దరం ఒకరికొకరం నచ్చలేదు. సంబంధం ఖాయమైపోయింది.

కథ వింటూ చేతులు ఊరికే ఉంచుకోవడం ఆయనకి తెలీదు. పీచు పాయలు తొడమీద నలుపుతూ, పురి ఎక్కిస్తూ వినేవాడు. మేష్టారు అరుగంతా పీచే అని గొణిగి, తరవాత తనే చీపురు కొని పెట్టాడు. నేను చదవడం ఆపగానే ఆయన ఆ రోజు పేనిన తాడు ఎత్తి చూసేవాడు. తాడు పొడుగ్గా సాగితే "మంచి పని అయ్యింది ఇయ్యాల" అనేవాడు. నేను మురిసిపోయేదాన్ని. అది మెచ్చుకోలు కాదని తెలుసుకోడానికి నాకు చాలా రోజులు పట్టింది. కథ బాగుంటే ఆయన చేతులు ఆగిపోతాయి. చేతులు ఆగితే పురి వదులైపోతుంది, తాడు సాగదు. ఒకసారి ఒక అమ్మాయి తప్పిపోయిన కథ చదివాను. అయిపోయాక తాడు చూస్తే జానెడు లేదు. అక్కడక్కడా పీచు రేగిపోయి ఉంది. "సూడు, ఇక్కడ పురి జారిపోనాది. ఇక్కడ కూడా. నీ వొల్లే ఇదంతా," అని నన్ను తిట్టాడు. ఆ తిట్టు కోసం నేను ఎన్ని ఆదివారాలు కష్టపడ్డానో ఆయనకి తెలుసు.

ఇక ఆ చెయ్యి సంగతి.

మొదట్లోనే వచ్చింది గొడవ. ఒక కథలో తల్లి జబ్బుపడింది. వాక్యం సగంలో ఉండగానే తాత అరచెయ్యి లేచింది.

"ఆగు. ఆవిణ్ణి సంపకు."

"నానేటి సంపలేదు తాతా. పుస్తకంలో అలగే ఉన్నాది."

"పుస్తకంలో ఉంటే ఉండనీ. నువ్వు సదవకు."

"మరి కత ఎలగ ముందుకెల్తాది?"

"అది నువ్వు సూసుకో. సదువుకున్నావు గదా."

అలా మొదలైంది. తల్లిని బతికించాను. కషాయం తాగింది, లేచి కూర్చుంది. కానీ ఆ తల్లి బతికితే సవతి తల్లి రావడానికి లేదు, సవతి తల్లి లేకపోతే పిల్ల అడవికి పోవడానికి లేదు. అప్పటికప్పుడు ఆ పిల్లని జీడిపిక్కలు ఏరుకోడానికి అడవికి పంపించాను. తాత తల ఊపి, మళ్ళీ పీచు అందుకున్నాడు.

రాజుల కథలు మరీ కష్టం. ముసలి రాజు చస్తే గానీ యువరాజు రాజవడు. నేను చంపకుండా యువరాజుని సింహాసనం ఎక్కించేశాను. తాత ఊరుకోలేదు. "రాజు బతికే ఉన్నాడు గదా, మరి ఈడెలగ కూకున్నాడు ఆ కుర్సీలో?" అన్నాడు. రాజుగారికి మోకాళ్ళ నొప్పులని, మెట్లు ఎక్కలేక కొడుక్కి ఇచ్చేశాడని చెప్పాను. "అలగైతే సరే," అన్నాడు. రాక్షసుణ్ణి చంపుదామంటే దానికీ చెయ్యి ఎత్తాడు. రాక్షసుణ్ణి కూడానా అంటే, "ఆడికీ పెల్లాం పిల్లలుంటారు గదేటి," అన్నాడు. దాంతో ఆ రాక్షసుడు యుద్ధం మానేసి, పలాసలో రైలెక్కి బరంపురం వెళ్ళి బట్టల కొట్టు పెట్టుకున్నాడు. డిటెక్టివ్ పుస్తకం ఒకటి చదవమన్నప్పుడు మాత్రం నాకు ఏడుపొచ్చింది. హత్య లేని హత్యా పరిశోధన అది. చెంపదెబ్బ కొట్టిందెవరో కనిపెట్టడానికి ఆ డిటెక్టివ్ ఊళ్ళన్నీ తిరిగాడు.

పక్క జతల్లో పిల్లలు ఉన్నది ఉన్నట్టు గడగడా చదివేసి ఆడుకోడానికి పోయేవారు. నేను ముందు రోజే పుస్తకం ఇంటికి తీసుకెళ్ళి, ఎవరెవరు చస్తున్నారో చూసుకుని, వాళ్ళని ఏం చెయ్యాలా అని బుర్ర బద్దలు కొట్టుకునేదాన్ని. ఈ ముసలాయనకి చావంటే భయం కాబోలు అనుకున్నాను. ఆ భయం ఏమిటో మా పిన్నికి పిల్లాడు పుట్టినప్పుడు తెలిసింది.

ఆ ఏళ్ళలో మా ఉద్దానం ప్రాంతంలో కాళ్ళు వాచినవాళ్ళు లేని వీధి లేదు. ముందు నడుం నొప్పి అనేవారు, తరవాత తిండి సయించడం లేదనేవారు, తరవాత విశాఖపట్నం వెళ్ళేవారు. కిడ్నీలు అన్న మాట అక్షరమ్ముక్క రానివాళ్ళకి కూడా వచ్చేసింది. ఎందుకొస్తోందో చెప్పేవాళ్ళు లేరు. మా ఊళ్ళో పాడె కట్టడానికి తాడు తాత ఇంటి నుంచే రావాలి. దానికొక పద్ధతుంది. తాడుకి వచ్చినవాడు గుమ్మం ఎక్కడు, పోయిన మనిషి పేరు చెప్పడు. వీధిలో నిలబడి, "తాతా, తాడు గావాల," అంటాడు. మామూలు తాడుకి వచ్చినవాళ్ళు అరుగెక్కి బేరమాడతారు కాబట్టి తాతకి తేడా తెలిసిపోతుంది. తాడు చుట్ట తీసుకొచ్చి గుమ్మం బయట నేలమీద పెడతాడు. చేతికివ్వడు, డబ్బు తీసుకోడు. ఎవరింటికో అడక్కుండానే లోపలికి పోతాడు. ఆ వీధిలో నిలబడే మనుషులు ఆ రోజుల్లో మరీ ఎక్కువైపోయారు.

పిన్ని కొడుక్కి ఉయ్యాల తాడు కోసం అమ్మ నన్ను ఆయన ఇంటికి పంపించింది. చూరు కింద రెండు కొక్కేలున్నాయి. ఒకదానికి చుట్టలు చుట్టలుగా తాడు. రెండోదానికి కొంచెమే ఉంది, సన్నంగా, అక్కడక్కడా రేగిపోయి. నేను మొదటి దాని మీద చెయ్యి వేయబోతే తాత వద్దన్నాడు. రెండో కొక్కేనికున్నది తీసి ఇచ్చాడు. "ఇది నీ కాడ పేనింది. కతల తాడు. బతికున్నోల్లకే ఇత్తాను," అన్నాడు. ఉయ్యాలకి, ఆవు పలుపుకి, నూతి చేదకి ఇస్తాడట. ఇంకో పనికి ఇవ్వడట. లోపల పొయ్యి దగ్గర కూర్చున్న మామ్మ, ఆయన భార్య, పొగలోంచి నన్ను చూసి నవ్వింది. ఆవిడ ఎప్పుడూ లైబ్రరీకి రాలేదు. ఇల్లు విడిచి వస్తే పొయ్యి ఎవరు చూస్తారు అనేది.

ఆ తరవాత నేను పుస్తకాల్లో మనుషుల్ని బతికించడానికి ఇంకెప్పుడూ విసుక్కోలేదు.

ఇంటర్ మొదటి ఏడాదిలో ఉన్నప్పుడు, పలాసకి బస్సులో పోయి వస్తూ కూడా ఆదివారాలు మానలేదు. కొన్నాళ్ళు తాతే రాలేదు. కూతురు హరిశ్చంద్రపురంలో ఉంటుంది, అక్కడికి వెళ్ళాడనుకున్నాను. తరవాత ఒక ఆదివారం వచ్చాడు. పీచు కట్ట లేదు. కిటికీ ఊచ దగ్గరే కూర్చున్నాడు, రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని. కాళ్ళు ఉబ్బి ఉన్నాయి. విశాఖపట్నం పెద్దాసుపత్రికి వెళ్ళొచ్చానని చెప్పాడు. ఏమన్నారని నేను అడగలేదు, ఆయన చెప్పలేదు. మా ఊళ్ళో ఎవరూ అడగరు.

"ఆ పడవోడి కత తే," అన్నాడు.

వానాకాలంలో చదివిన నవల అది. సముద్రంలో పడవ తిరగబడి ఒకడు మునిగిపోతాడు. మునగనిస్తానా, చెక్క పట్టుకుని ఈదుకుంటూ వచ్చి బారువ ఒడ్డున తేలాడని చెప్పాను. తాత తెగ సంతోషించాడు ఆ రోజు.

పుస్తకం తెచ్చాను. "ఎక్కణ్ణించి సదవను?"

"ఆడు నిజంగా ఒడ్డుకి సేరినాడేటి?"

"సేరినాడు తాతా."

"నువ్వు సేర్సినావు. పుస్తకం ఏటన్నాది?"

నేను పేజీలు తిప్పుతూ కూర్చున్నాను. ఎన్నేళ్ళుగానో వద్దన్న మనిషి ఇప్పుడు కావాలంటున్నాడు. నాకు చదవబుద్ధి కాలేదు. ఆ పేజీ కళ్ళముందు పెట్టుకుని, మళ్ళీ ఆ చెక్క కథే మొదలుపెట్టాను. తాత అడ్డు రాలేదు. నేను చెప్పినంతసేపూ విని, "ఇప్పుడు రాసింది సదువు," అన్నాడు.

చదివాను. పడవవాడు మునిగిపోయాడు. శవం దొరికింది. భార్య ఏడ్చింది. అంతే, ప్రకరణం అయిపోయింది. ఆయన ముఖం మామూలుగానే ఉంది.

"తరవాత?"

"తరవాత కొడుకు పెద్దోడైపోనాడు. పడవ కొన్నాడు."

"అది కాదు. మద్దిలో."

"మద్దిలో ఏటీ నేదు తాతా."

"ఏటీ నేకపోడవేటి. ఆడు సచ్చిపోనాడు. సుట్టాలొచ్చినారు, ఎల్లిపోనారు. మర్నాడు ఆ ఆడమనిసి అన్నం వొండుకున్నాదా?"

నేను పుస్తకం చూశాను. ప్రకరణం చివర సగం పేజీ ఖాళీగా ఉంది. రాసినవాళ్ళకి అది అడగాలని తోచలేదు, నాకూ తోచలేదు. ఆయనకి ఒక్కడికే అది కావాలి. ఇన్నాళ్ళూ చావుల దగ్గర చెయ్యి ఎత్తి దాటించేసిన మనిషికి, ఇప్పుడు దాని అవతల మిగిలినవాళ్ళు ఏం తింటారో తెలియాలి. ఇంట్లో పొయ్యి దగ్గర మామ్మ ఉంది మరి.

"పుస్తకంలో నేదు గదా. నువ్వు సెప్పు," అన్నాడు.

చెప్పాను. ముందు కొన్నాళ్ళు ఆవిడ పొయ్యి ముట్టించలేదని చెప్పాను, లేకపోతే ఆయన నమ్మడు. ఒక్క మనిషికి వండుకోవడం ఏమిటని ఊరుకుందని చెప్పాను. తరవాత ఒక రోజు ఆ వీధిలోని పిల్ల ఒకతి వచ్చి గుమ్మంలో కూర్చుంది. మామ్మా, ఆకలేస్తోంది అంది. పిల్ల ఆకలంటే ఏ ఆడది ఊరుకుంటుంది, లేచింది. పిల్ల నూతిలో నీళ్ళు తోడింది, ఆవిడ బియ్యం కడిగింది. పిల్లకి పెట్టింది. పిల్ల ఒక్కతే తిననని మొండికేస్తే తనూ తింది.

"ఎవుర్తి ఆ గుంట?"

"పక్కింటి గుంట."

"మల్లీ వొచ్చిందేటి, ఆ ఒక్కరోజేనా?"

"వొస్తానే ఉన్నాది తాతా."

"మంచిదే," అన్నాడు. పీచు లేదు కదా, తువ్వాలు కొస తీసుకుని తొడమీద నలపడం మొదలుపెట్టాడు. ఆ తరవాత ఆయన చదివించుకోడానికి రాలేదు.

అయినా ఆయన ఇంకా కొన్నేళ్ళు బతికాడు, పెద్దాసుపత్రి వాళ్ళు అనుకున్నదానికన్నా ఎక్కువే. నేను ట్రైనింగు చేసి టెక్కలిలో టీచరు ఉద్యోగంలో చేరాను. మేష్టారికి బదిలీ అయింది. ఆయన తరవాత వచ్చినవాళ్ళు తాళం తీసి పేపర్లు వేసి, తాళం వేసుకుపోతున్నారు. ఆదివారం సాయంత్రం ముసలివాళ్ళు టీవీల ముందు, పిల్లలు ట్యూషన్లలో. ఆ అరుగు మీద ఇప్పుడెవరో జీడిపిక్కలు ఆరబోసుకుంటున్నారు. ఆ గోల, ఒకళ్ళ కథలో ఇంకొకళ్ళ కథ కలిసిపోయే ఆ గోల నాకు ఎంత కావాలనిపిస్తుందో చెప్పలేను. ఇప్పటికీ క్లాసులో చదువుతూ చావు దగ్గరికి వస్తే ఎవరైనా ఆపుతారేమో అని చూస్తాను. ఎవరూ ఆపరు, పరీక్షలో వస్తుందని కింద గీత గీసుకుంటారు.

పోయిన నెల అమ్మ ఫోన్ చేసి చెప్పింది ఆయన పోయిన సంగతే. పరీక్షల రోజులు కావడంతో దినాలకి వెళ్ళలేకపోయాను. తరవాత అమ్మే మళ్ళీ ఫోన్ చేసింది. కూతురు తీసుకుపోతానంటే మామ్మ రానందట. వీధిలోవాళ్ళు గిన్నెలు పంపితే మూత కూడా తియ్యడం లేదట. "పొయ్యి ముట్టించి ఎన్నాల్లయ్యిందో. ఒక్కదానికి ఏటి వొండుకోడం అంతాది," అంది అమ్మ.

ఆ ఆదివారమే వెళ్ళాను. బస్సు దిగి మా ఇంటికి కూడా పోలేదు. మామ్మ చూరు కింద గోడకి ఆనుకుని కూర్చుంది. కొక్కేలు రెండూ ఖాళీగా ఉన్నాయి. దారి పొడుగునా పరామర్శ మాటలు కూర్చుకుంటూ వచ్చాను. ఆవిణ్ణి చూశాక అవన్నీ వదిలేశాను. గుమ్మంలో కూర్చున్నాను.

"మామ్మా, ఆకలేత్తంది," అన్నాను.

ఆవిడ తల తిప్పి నన్ను చూసింది. "మీ అమ్మ ఏటీ ఎట్టలేదేటి?"

"ఇంటికెల్లనేదు. తిన్నగా ఇక్కడికే వొచ్చీసినాను."

"నీల్లు కూడా నేవు ఇంట్లో," అంది. అని, మోకాళ్ళ మీద చేతులు వేసి లేచింది.

నేను బిందె పట్టుకుని నూతి దగ్గరికి వెళ్ళాను. చేద దించి తోడుతుంటే చేతికి తెలిసింది. తాడు సన్నంగా, గట్టిగా ఉంది, మధ్యమధ్యలో పురి వదులు. ఒక్కో వదులు దగ్గర పీచు రేగి అరచేతికి గరగరలాడింది. ఏ కథ దగ్గర ఏ చోట ఆయన చేతులు ఆగాయో నాకు గుర్తులేదు. అప్పుడు ఏడ్చాను, నూతి దగ్గర, మామ్మకి కనిపించకుండా.

లోపలికి వచ్చేసరికి పొయ్యిలో కొబ్బరి మట్టలు అంటుకున్నాయి. మామ్మ ఒక మనిషికి సరిపడా బియ్యం గిన్నెలో పోసి ఆగింది. "ఒక్కదాన్నే తిన్ను మామ్మా," అన్నాను. ఇంకో పిడికెడు పోసింది. ఎసరు మరుగుతుంటే ఇద్దరం పొయ్యి చూస్తూ కూర్చున్నాం. మామ్మ పొయ్యిలో మట్ట ముందుకి నెట్టి, ఏదో గుర్తొచ్చినట్టు అడిగింది.

"ఆ రాచ్చసుడు లేడూ, బరంపురం ఎల్లిపోనాడూ. ఈయన ఆదోరం ఇంటికొచ్చి అన్నీ సెప్పీవోడు. ఆడి బట్టల కొట్టు ఇంకా ఉన్నాదేటి?"

"ఉన్నాది మామ్మా. ఇప్పుడు పెద్దది సేసినాడు."

"పిల్లలో?"

"పిల్లలు సదువుకుంతన్నారు."

మామ్మ తల ఊపింది. అన్నం వార్చి, నాకు వడ్డించి, తనకీ ఒక కంచం పెట్టుకుంది.